బొమ్మల మాట ఆలకించిన ఉపాధ్యాయిని: ఫ్రాన్ ఆలిసన్

కళలలో కొన్ని శిలాశాసనములవంటివి. కొన్ని నీటిమీది వ్రాతలవంటివి. శిల్పి చెక్కిన ప్రతిమ, కవి వ్రాసిన గ్రంథము వారి తరువాత కూడ నిలిచియుండును. నటుని యభినయము, హరికథకుని సమయస్ఫూర్తి, గాయకుని మనోధర్మము మాత్రము ఆ క్షణముననే పుట్టి ఆ క్షణముననే గతించును. చూచినవారి జ్ఞాపకమే వానికి ఆధారము. టెలివిజన్ పుట్టిన తొలినాళ్ళలో ఆ యంత్రము ద్వారా ప్రదర్శింపబడిన కళ యంతయు ఈ రెండవ జాతికి చెందినది. ఆ కాలమున కెమెరా ముందు నిలిచిన వారిలో కొందరి పేర్లు లోకమంతట వ్యాపించినవి, కొందరివి మరుగుపడినవి. అట్లు మరుగుపడిన వారిలో అమెరికా దేశపు ఫ్రాన్ ఆలిసన్ ఒకతె.

ఈమె పేరు మన దేశమున విన్నవారు అరుదు. ఈమె మహానాటకములలో నాయిక కాదు. చలనచిత్ర తార కాదు. సుమారు పది సంవత్సరములు ఒక చిన్న బొమ్మల రంగస్థలము ముందు నిలిచి బొమ్మలతో మాటలాడుటయే ఈమెకు కీర్తి తెచ్చిన పని. బొమ్మలతో పసిపిల్లలు కూడ మాటలాడుదురు గదా, అందు కళ యేమున్నది అని విద్యార్థులు అడుగవచ్చును. ఆ ప్రశ్నకు సమాధానము చెప్పుటయే ఈ వ్యాసము యొక్క ఉద్దేశము.

మొదట ఆనాటి టెలివిజన్ స్వభావమును కొంత తెలిసికొనవలెను. నేడు మనము చూచు కార్యక్రమములలో పెక్కు ముందుగా చిత్రీకరింపబడి, తప్పులు తొలగింపబడి, పిమ్మట ప్రసారము చేయబడుచున్నవి. 1940వ దశకమున అట్టి సౌకర్యము లేదు. స్టూడియోలోని కెమెరా తన యెదుటి దృశ్యమును విద్యుత్సంకేతములుగా మార్చును. ఆ సంకేతములు ప్రసారస్తంభము నుండి ఆకాశమార్గమున వెడలి, ఇండ్లలోని టెలివిజన్ పెట్టెలను చేరి, తిరిగి దృశ్యముగా మారును. ఇదంతయు రెప్పపాటులో జరుగును. కావున నటుడు తడబడినచో ఆ తడబాటు అప్పుడే వేలాది యిండ్లలో కనబడును. దానిని వెనుకకు తీసికొనుటకు వీలులేదు. దీనినే ప్రత్యక్ష ప్రసారమందురు.

దృశ్యమును అయస్కాంతపు టేపుపై భద్రపరచు యంత్రము 1956వ సంవత్సరమున గాని ప్రసారశాలల వాడుకలోనికి రాలేదు. అంతవరకు ఒక కార్యక్రమమును దాచవలెనన్నచో, టెలివిజన్ తెరకు ఎదురుగా సినిమా కెమెరాను నిలిపి, తెరమీది దృశ్యమును ఫిల్ముపైకి ఎక్కించవలసి యుండెను. ఈ విధమైన ప్రతికి కినెస్కోపు అని పేరు. ఈ ప్రతులు మసకగా నుండెడివి. పైగా ఖర్చుతో కూడినవి. వానిలో ఎన్నియో కాలక్రమమున పారవేయబడినవి. ఇట్టి కాలమున, ఇట్టి సాధనముతో ఫ్రాన్ ఆలిసన్ పని చేసెను.

ఈమె 1907వ సంవత్సరము నవంబరు 20వ తేదీన అమెరికాలోని అయోవా రాష్ట్రమున లా పోర్ట్ సిటీ అను చిన్న ఊరిలో జన్మించెను. పేరున 'సిటీ' యున్నను అది పొలముల నడుమ నున్న పల్లెవంటి పట్టణము. అదే రాష్ట్రమున సీడర్ రాపిడ్స్ నగరములోని కో కళాశాలలో విద్య ముగించి, ఈమె పాఠశాలలో ఉపాధ్యాయినిగా చేరి కొన్ని సంవత్సరములు పిల్లలకు పాఠములు చెప్పెను. ఈ సంగతి మన పాఠశాల పత్రికలో ప్రత్యేకముగా చెప్పదగినది. ఏలయన, తరువాతి కాలమున లక్షలాది ప్రజలు మెచ్చుకొనిన ఆమె గుణములు, అనగా ఓర్పు, ఎదుటివాని మాట తుదివరకు వినుట, తెలివితక్కువ ప్రశ్నకు సైతము నవ్వక బదులిచ్చుట, ఇవన్నియు మంచి తరగతిగదిలో నిత్యము కావలసిన గుణములే.

ఉపాధ్యాయవృత్తి విడిచిన పిమ్మట ఆమె అయోవాలోని రేడియోలో పాటలు పాడుటకు కుదిరెను. ఒకనాడు ప్రసారము జరుగుచుండగా ప్రకటనకర్త హఠాత్తుగా ఆమెను 'ఫానీ అత్తగారు' అని శ్రోతలకు పరిచయము చేసి మాటలాడుమనెనట. ఆమె చేతిలో కాగితము లేదు. ముందుగా అనుకొన్న మాట ఒక్కటియు లేదు. ఐనను ఆమె జంకక, ఊరిలోని ఇరుగుపొరుగుల సంగతులన్నియు తనకే తెలిసినట్లు తలపోయు ఒక పల్లెటూరి పెద్దమ్మ వలె గొంతు మార్చి కబుర్లు చెప్పసాగెను. శ్రోతలకు ఆ పాత్ర నచ్చెను. 1937లో ఆమె చికాగో నగరమునకు పోయి ఎన్.బి.సి. రేడియోలో చేరెను. అచ్చట ప్రాతఃకాలమున ప్రసారమగు ప్రసిద్ధమైన 'బ్రేక్‌ఫాస్ట్ క్లబ్' కార్యక్రమములో ఈ ఫానీ అత్తగారు అనేక సంవత్సరములు శ్రోతలను నవ్వించెను. అడుగని ప్రశ్న ఎదురైనప్పుడు ఆలోచన కోల్పోక వెంటనే బదులు పలుకు శక్తి ఆమెకు ఇట్లు అలవడెను.

ఇక బొమ్మల కథ. చికాగో నగరమున 1917వ సంవత్సరము అక్టోబరు 13వ తేదీన పుట్టిన బర్ టిల్‌స్ట్రామ్ అను యువకుడు బాల్యమునుండి బొమ్మలాట యందు ఆసక్తి కలవాడు. అతడు 1936లో ఒక చేతిబొమ్మను తయారుచేసెను. దానికి బట్టతల, గుండ్రని ముక్కు, ఆశ్చర్యపడినట్లున్న కన్నులు. చాలకాలము దానికి పేరు కుదరలేదు. టమారా టుమనోవా అను ప్రఖ్యాత రష్యన్ నర్తకి దానిని చూచి 'కుక్లా' అని ముద్దుగా పిలిచెను. రష్యన్ భాషలో ఆ మాటకు బొమ్మ అని అర్థము. ఆ పేరే దానికి స్థిరపడెను. 1939లో న్యూయార్కున జరిగిన ప్రపంచ ప్రదర్శనలో ఆర్.సి.ఏ. సంస్థ తాను క్రొత్తగా తయారుచేసిన టెలివిజనును ప్రజలకు చూపినప్పుడు, ఆ కెమెరాల యెదుట టిల్‌స్ట్రామ్ తన బొమ్మల నాడించెను. రెండవ ప్రపంచయుద్ధ కాలమున యుద్ధనిధి బాండ్లు అమ్ముటకై జరిగిన ప్రదర్శనలలో అతనికిని ఫ్రాన్ ఆలిసనుకును పరిచయమాయెను.

యుద్ధము ముగిసిన పిమ్మట ఆర్.సి.ఏ. సంస్థ టెలివిజన్ పెట్టెలను విరివిగా అమ్మదలచెను. కాని చూచుటకు మంచి కార్యక్రమము లేనిదే పెట్టె నెవరు కొందురు? పిల్లల కొరకు దినమున కొక గంట ప్రసారము చేయుటకు నిశ్చయించి, ఆ భారమును టిల్‌స్ట్రామునకు అప్పగించిరి. గంటసేపు ప్రతిదినము బొమ్మలను మాత్రమే చూపినచో ప్రేక్షకులకు విసుగు పుట్టునని, బొమ్మలతో సమానముగా మాటలాడగల మనిషి ఒకరు కావలెనని వారు భావించిరి. టిల్‌స్ట్రామునకు ఫ్రాన్ ఆలిసన్ జ్ఞప్తికి వచ్చెను. 1947వ సంవత్సరము అక్టోబరు 13వ తేదీన, అనగా టిల్‌స్ట్రామునకు సరిగా ముప్పది యేండ్లు నిండిన దినమున, చికాగోలోని డబ్ల్యు.బి.కె.బి. టెలివిజన్ కేంద్రము నుండి 'జూనియర్ జాంబరీ' అను పేరుతో ఆ కార్యక్రమము మొదలయ్యెను. అప్పటికి ఆ నగరమున వాణిజ్య టెలివిజన్ కేంద్రము అదొక్కటియే. కొలది కాలమునకే కార్యక్రమమునకు ముగ్గురు ముఖ్యుల పేర్లు కలిసి 'కుక్లా, ఫ్రాన్ అండ్ ఆలీ' అని పేరు స్థిరపడెను.

మన తోలుబొమ్మలాట నెరిగినవారికి ఈ యాట యొక్క భేదము సులభముగా తెలియును. మన యాటలో కళాకారులందరు తెర వెనుకనే యుందురు. తెరపై కనబడునవి బొమ్మల రంగురంగుల నీడలు మాత్రమే. టిల్‌స్ట్రామ్ బొమ్మలు చేతికి తొడుగుకొను గుడ్డబొమ్మలు. అతడు చిన్న రంగస్థలము వెనుక దాగి చేతులు పైకెత్తి ఆడించును. చేతులు రెండే గనుక ఒక వేళకు రంగమున రెండు బొమ్మలే కనబడును. అన్ని బొమ్మల కంఠములును అతనివే. తెర ముందు, ప్రేక్షకులకు కనబడునట్లు నిలుచునది ఫ్రాన్ ఆలిసన్ ఒక్కతెయే. ఆమె చుట్టు నలంకారములు లేవు, విచిత్రవేషము లేదు. ఇంటికి వచ్చిన పొరుగింటి స్త్రీ వలె సాధారణమైన దుస్తులతో నిలిచి మాటలాడెడిది.

బొమ్మలలో కుక్లా పెద్దమనిషి తరహా. అందరి కష్టములును తనవిగా తలచి ఆరాటపడువాడు. ఆలీ యనగా ఆలివర్ జె. డ్రాగన్. ఇతడు ఒకే పంటి గల రాక్షససర్పము. మన కథలలోని సర్పములవలె భయంకరుడు కాడు; గర్వము, అలుక, ప్రేమ మూడును మెండుగా గలవాడు. తన పూర్వులు వెర్మాంట్ రాష్ట్రమున నివసించిరని గొప్పలు చెప్పుకొనును. ఫ్లెచర్ అను కుందేలు తపాలా బంట్రోతు. మేడమ్ ఊగల్‌పస్ పూర్వము సంగీతనాటకములలో పాడితినని చెప్పుకొను ఆడంబరపు స్త్రీ. బ్యూలా అను మంత్రగత్తె మరియొకతె. ఈ బొమ్మకు కార్యక్రమ నిర్మాతయైన బ్యూలా జాకరీ పేరు పెట్టబడెను. సెసిల్ బిల్ అనువాడు రంగస్థలమున పనులు చేయు సేవకుడు. వీరందరును కలిసి ఒక చిన్న ఊరివంటివారు.

ఈ కార్యక్రమము యొక్క ముఖ్యమైన విశేషమేమనగా, దీనికి వ్రాతప్రతి లేదు. నాటకమున నటులు ముందుగా సంభాషణలు కంఠస్థము చేయుదురు. ఇచ్చట అట్టిది లేదు. ప్రసారమునకు ముందు అందరును కూర్చుండి నేటి ప్రసంగమేమి, పాటలేవి యని స్థూలముగా నిశ్చయించుకొందురు. అంతటితో సరి. సంగీతదర్శకుడు జాక్ ఫాసినాటో పియానో యొద్ద కూర్చుండును. దర్శకుడు లూయిస్ గోమావిట్జ్ కెమెరాలను నడిపించును. టిల్‌స్ట్రామ్ తెర వెనుక ఒక చిన్న టెలివిజన్ పెట్టెలో తన బొమ్మలెట్లు కనబడుచున్నవో చూచుకొనుచు మాటలాడును. తక్కినదంతయు ఆ క్షణమున పుట్టవలసినదే. ఆలీ ఏమనునో ఫ్రానునకు తెలియదు; ఫ్రాన్ ఏమి బదులు చెప్పునో ఆలీకి తెలియదు. ఇట్లు ఒక దినము కాదు, రెండు దినములు కాదు, వారమున కైదు దినముల చొప్పున సంవత్సరముల తరబడి సాగెను.

ఇందు ఫ్రాన్ ఆలిసన్ పని ఎట్టిదో ఆలోచింపవలెను. హాస్యపు మాటలు చాల వరకు బొమ్మలవి. అలుకలు, గొప్పలు, పేచీలు బొమ్మలవి. ఆమె చేయునది వినుట, బదులు చెప్పుట. చూచుటకు తేలికగా కనబడు ఈ పనియందు మూడు కష్టములు గలవు.

మొదటిది శ్రద్ధ. తాను చెప్పదలచిన మాటను మనసులో సిద్ధము చేసికొనుచు ఎదుటివాని మాట వినువాడు నిజముగా వినడు. వ్రాతప్రతి లేని సంభాషణలో అట్టి వినికిడి వెంటనే బయటపడును. ఆలీ మాటలాడునంతసేపు ఫ్రాన్ చూపు అతని ముఖముననే నిలిచియుండెడిది. అతడు చెప్పినది ముగిసిన పిమ్మటనే ఆమెకు బదులు పుట్టెడిది. అందువలననే ఆ బదులు సహజముగా నుండెను.

రెండవది జ్ఞాపకము. నేడు ఆలీ తన తల్లిని గూర్చి ఒక మాట చెప్పినచో, ఆ మాట ఆమెకు రేపును గుర్తుండవలెను. ఆరు మాసముల పిమ్మటను గుర్తుండవలెను. ఇట్లు పాత మాటల నుండి క్రొత్త ప్రశ్నలు పుట్టి, ప్రశ్నల నుండి బొమ్మలకు బంధువులు, బాల్యము, చదువు, ఊరు ఏర్పడెను. ఏ రచయితయు కూర్చుండి వ్రాయని ఒక పెద్దకథ దినదినము సంభాషణ నుండియే పెరిగెను. మనిషికి చరిత్ర కలుగుటకు అతనిని అడుగువారు ఒకరుండవలెనని దీనివలన తెలియుచున్నది.

మూడవది విశ్వాసము. ఇవి గుడ్డబొమ్మలని ప్రేక్షకులకు తెలియును, ఆమెకును తెలియును. ఐనను ఆమె ఏనాడును బొమ్మలను చులకన చేసి ప్రేక్షకుల వైపు కన్నుగీటలేదు. ఆలీ దుఃఖించినప్పుడు నిజమైన స్నేహితుని వలెనే ఓదార్చెను. తప్పు చేసినప్పుడు మెల్లగా మందలించెను. ఆమె నమ్మినది గనుక చూచినవారు నమ్మిరి. ఒక బొమ్మకు ప్రాణము పోయుటకు దాని లోపలి చేయి ఎంత అవసరమో, దాని యెదుట నిలిచి దానిని ప్రాణిగా చూచు కన్నులును అంత అవసరము.

సెసిల్ బిల్ అను సేవకుని బొమ్మను గూర్చి మరల చెప్పవలసియున్నది. వాని మాట ఎవరికిని తెలిసిన భాష కాదు. అర్థములేని శబ్దములవలె వినబడును. ఐనను రంగమున నున్నవారు వానిని త్రోసివేయరు. వాడు చెప్పునది ఆలకించి, కుక్లా మొదలగువారు అర్థము గ్రహించి బదులిత్తురు. ఆ బదులును బట్టి ప్రేక్షకులు వాని మనసును తెలిసికొందురు. వాడు ఇతరుల భాష పలుకకయే ఆ చిన్న ఊరిలో గౌరవముతో బ్రదికెను. హాస్యము కొరకు కల్పింపబడిన పాత్రయే యైనను, ఇందొక సత్యము దాగియున్నది. ఒక భాష అర్థవంతమా, అర్థహీనమా యని నిర్ణయించునది ఆ భాషయొక్క శబ్దములు కావు. వినువారికి దానియందు గల శ్రద్ధ.

ఆనాటి టెలివిజన్ తెర స్వరూపము కూడ ఈ కళకు అనుకూలించెను. 1940వ దశకపు చివర ప్రసిద్ధములైన పెట్టెలలో తెర కొలత పది అంగుళముల ప్రాంతమున నుండెను. అంత చిన్న తెరపై యుద్ధములు, సభలు, పెద్ద నాట్యములు చీమలబారులవలె కనబడును. ఒక స్త్రీ ముఖము, దాని ప్రక్క ఒక బొమ్మ ముఖము మాత్రము చక్కగా సరిపోవును. సినిమాశాలలో వందలమంది నడుమ కూర్చుండి చూచుట వేరు. ఇంటిలో నలుగురు కూడి కొలది దూరము నుండి చూచుట వేరు. ఇంటిలోనికి వచ్చువారు కేకలు వేయరాదు, ఇంటివారివలె మాటలాడవలెను. ఈ సూక్ష్మమును తొలుత గ్రహించిన కొద్దిమందిలో ఫ్రాన్ ఆలిసన్, టిల్‌స్ట్రామ్ ముఖ్యులు. చికాగోలో ఆ కాలమున ఇట్టి సామాన్యమైన, ఆర్భాటములేని కార్యక్రమములు మరికొన్ని కూడ వెలసినవి. విమర్శకులు ఆ పద్ధతికి 'చికాగో సంప్రదాయము' అని పేరుపెట్టిరి.

కార్యక్రమము క్రమముగా చికాగో యెల్లలు దాటెను. 1948 చివర ఎన్.బి.సి. సంస్థ దానిని తన కేంద్రముల ద్వారా మధ్యపశ్చిమ నగరములకు ప్రసారము చేయసాగెను. 1949 జనవరిలో చికాగోను తూర్పుతీరపు నగరములతో కలుపు కేబుల్ సిద్ధమైనంతనే న్యూయార్కు ప్రజలును అదే క్షణమున ఆ బొమ్మలను చూడగలిగిరి. పిల్లల కొరకు పుట్టిన కార్యక్రమమును పెద్దలును విడువక చూచిరి. నవలాకారుడు జాన్ స్టైన్‌బెక్, నటుడును దర్శకుడును ఐన ఆర్సన్ వెల్స్ దీని అభిమానులలోనివారు. 1949వ సంవత్సరమునకు పీబడీ పురస్కారమును, 1953వ సంవత్సరమునకు ఉత్తమ బాలల కార్యక్రమముగా ఎమ్మీ పురస్కారమును దీనికి లభించినవి.

కాని పురస్కారములు కార్యక్రమమును కాపాడలేకపోయినవి. టెలివిజన్ పెట్టెలు పెరిగినకొలది ప్రకటనల ధనము పెరిగెను. ధనము పెరిగినకొలది ప్రసారమునందలి ప్రతి నిమిషమునకు విలువ పెరిగెను. 1951 నవంబరులో ఎన్.బి.సి. సంస్థ అరగంట కార్యక్రమమును పదునైదు నిమిషములకు తగ్గించెను. ప్రేక్షకులు కోపించి వేలకొలది ఉత్తరములు వ్రాసిరి. ఐనను నిర్ణయము మారలేదు. 1952లో దినదిన ప్రసారము మానిపించి వారమున కొకసారి చేసిరి. ఇంతలో దేశము నాలుగు చెరగులను కేబుళ్ళు, ప్రసారస్తంభములు కలిపివేసినవి. న్యూయార్కు, హాలీవుడ్ నగరముల నుండి పెద్ద తారల కార్యక్రమములు ఎల్ల యిండ్లకు అందసాగెను. ఏ తంత్రులు చికాగో కళను దేశమునకు చూపినవో ఆ తంత్రులే తుదకు దానిని మరుగుపరచినవి.

1953వ సంవత్సరము ఆగస్టు 30వ తేదీన ఎన్.బి.సి. సంస్థ రంగుల టెలివిజనును పరీక్షించుచు 'సెయింట్ జార్జ్ అండ్ ది డ్రాగన్' అను బొమ్మల నాటకమును ప్రసారము చేసెను. క్రొత్త యంత్రమును ప్రజలకు పరిచయము చేయుటకు మరల ఈ బొమ్మలనే పిలిచిరన్నమాట. మరుసటి సంవత్సరము ఎన్.బి.సి.లో కార్యక్రమము ముగిసెను. ఏ.బి.సి. సంస్థ దానిని తీసికొని మూడేండ్లు నడిపెను. 1957 ఆగస్టులో ఆ ప్రసారమును నిలిచిపోయెను. మొదటినుండి నిర్మాతగా నుండిన బ్యూలా జాకరీ 1959 ఫిబ్రవరిలో న్యూయార్కున జరిగిన విమానప్రమాదమున మరణించెను.

ఫ్రాన్ ఆలిసన్ ఆ తరువాత ఊరకుండలేదు. 1957లో టెలివిజనున ప్రదర్శింపబడిన 'పినోకియో' సంగీతనాటకమున ఆమె దేవకన్య పాత్ర ధరించెను. 1967లో 'డామ్ యాంకీస్' అను మరియొక సంగీతనాటకమునందును నటించెను. అదే సంవత్సరము సి.బి.ఎస్. సంస్థ వివిధ దేశముల బాలల చలనచిత్రములను చూపుటకు ఒక కార్యక్రమము ప్రారంభించి, చిత్రములకు ముందు వెనుకల మాటలాడుటకు కుక్లా, ఫ్రాన్, ఆలీలను మరల పిలిపించెను. ఇట్లు ఇరువది యేండ్ల క్రిందట ఆమెను చూచిన పిల్లల పిల్లలు ఆమెను చూచిరి. వృద్ధాప్యమున లాస్ ఏంజిలస్ నగరమున వృద్ధుల కొరకైన టెలివిజన్ కార్యక్రమమును నిర్వహించెను. టిల్‌స్ట్రామ్ 1985 డిసెంబరులో మరణించెను. 1989వ సంవత్సరము జూన్ 13వ తేదీన తన 81వ యేట ఫ్రాన్ ఆలిసన్ కన్నుమూసెను.

వారి ప్రసారములన్నియు నశింపలేదు. టిల్‌స్ట్రామ్ జాగ్రత్తపరచినందున వందలకొలది కినెస్కోపు ప్రతులు మిగిలి, అతని బొమ్మలతోపాటు చికాగో చరిత్ర ప్రదర్శనశాలకు చేరినవి. 2009లో అమెరికా తపాలాశాఖ తొలినాటి టెలివిజన్ జ్ఞాపకార్థము ఇరువది తపాలాబిళ్ళలను ప్రకటించినప్పుడు వానిలో ఒకదానిపై కుక్లా, ఫ్రాన్, ఆలీలకును చోటు దొరకెను.

ఇంత చేసినను ఆమె పేరు ఏల మరుగుపడెను? పనియొక్క స్వభావమే అందులకు కారణమని తోచుచున్నది. మాటలాడువానిని లోకము గుర్తించును. ఆలకించువానిని గుర్తించుట అరుదు. బొమ్మ పలికిన చమత్కారము జ్ఞాపకముండును. ఆ చమత్కారము పుట్టునట్లు ప్రశ్న వేసిన స్త్రీ జ్ఞాపకమునకు రాదు. కచేరీలో గాయకునికి చప్పట్లు. శ్రుతి పట్టినవానికి మౌనము. ఐనను శ్రుతి లేనిచో గానమేది? ఫ్రాన్ ఆలిసన్ తన జీవితమంతయు శ్రుతివలె నిలిచినది. ఆమెను తీసివేసినచో టిల్‌స్ట్రామ్ బొమ్మలు నేర్పరి చేతిలోని చక్కని బొమ్మలు మాత్రమే. ఆమె యెదుట నిలిచినప్పుడు అవి మనుష్యులైనవి.

విద్యార్థులారా! తరగతిలో చక్కగా మాటలాడువాడు తెలివిగలవాడని మీరు తలచుచుందురు. చక్కగా వినువాడును అంతటి తెలివిగలవాడే. స్నేహితుడు చెప్పునది తుదివరకు విని, అతడు నిన్న చెప్పినది నేడు గుర్తుంచుకొని, అతని మాటను హేళన చేయక బదులు పలుకుట అభ్యాసమువలన వచ్చు విద్య. దానికి ఖర్చు లేదు; పుస్తకము అక్కరలేదు.

తలిదండ్రులకును ఒక మాట. అన్యభాష ప్రబలముగా నున్న ప్రాంతమున తరతరములుగా నివసించుచున్న మన యిండ్లలో, పిల్లవాడు తెలుగున ఒక మాట మొదలుపెట్టినప్పుడు పెద్దలు బజారుభాషలో బదులు చెప్పుట తరచుగా జరుగుచున్నది. ఆ ప్రాంతభాష మనకు అన్నము పెట్టు భాష. దానిని చక్కగా నేర్వవలసినదే. కాని బదులు దొరకని భాషలో ఏ పిల్లవాడును ఎంతోకాలము మాటలాడడు. ఇంటిలో తెలుగు క్షీణించుటకు పలుకువారు లేకపోవుట కంటె ముందు, ఆలకించి తిరిగి పలుకువారు లేకపోవుట కారణమగుచున్నది. ఒక గుడ్డబొమ్మ మాటను ఆలకించి పదియేండ్లు బదులు చెప్పిన ఆ యుపాధ్యాయిని దానికొక చరిత్రను, బంధువులను, ఊరిని కల్పించగలిగెను. పిల్లవాడు సాయంకాలము బడినుండి వచ్చి తెలుగున ఏదేని చెప్పబోయినప్పుడు, చేతిలోని పనిని ఒక నిమిషమాపి వినుడు. తెలుగుననే మరియొక ప్రశ్న వేయుడు.